గమ్మునుండిపోయిన ఫైలు

ఇవాళ ఉదయం పుత్తూరులో, వద్దు వద్దంటున్న మనిషి కంప్యూటర్లో నేను ఒక ఫైలు మార్చాను. "రెండే నిమిషాలమ్మా" అన్నాను. ఉద్యోగంలో ఉన్నంతకాలం ఎవరైనా ఆ మాట అంటే చీవాట్లు పెట్టినవాణ్ణి నేను. ఆ రెండు నిమిషాల పనివల్ల సాయంత్రానికి రేవతికి రాబోయిన పని చేజారే పరిస్థితి వచ్చింది. అది చాలదన్నట్టు, ఆమె మోసం చేసిందన్న అనుమానం కూడా ఆమె మీద పడింది.

రేవతిది పుత్తూరులో చిన్న డీటీపీ అంగడి. పెళ్ళిపత్రికలు, బడి ప్రశ్నపత్రాలు, అర్జీలు కొడుతుంది. చిన్నప్పటి నుంచి చూపు తగ్గుతూ వచ్చి, ఇప్పుడు ఆమెకు వెలుగూ నీడా తప్ప ఏమీ కనిపించవు. కొట్టాల్సిన కాగితాలను ముందే ఎవరిచేతనైనా చదివించి ఫోన్లో రికార్డు చేసుకుని, అది వింటూ కొడుతుంది. కొట్టిన మాటను కంప్యూటర్ చదివి వినిపిస్తుంది, కానీ ఆ వేగంలో ఒత్తులూ దీర్ఘాల తప్పులు చెవికి అందవు. అక్షరం తప్పితే మనకు తెర మీద ఎర్రగీత పడుతుంది కదా, ఆమెకు ఆ గీత బదులు 'టక్కు'మని చప్పుడు వస్తుంది. ఆ చప్పుడు ఏర్పాటు నేనే చేసిపెట్టాను. దాన్ని పట్టుకునే ఆమె తప్పులు దిద్దుకుంటుంది.

తిరుపతిలో పుస్తకాలు అచ్చువేసే దామోదరం గారు ఏడాది పొడవునా టైపింగ్ చేసే మనిషి కోసం వెతుకుతున్నారు. రేవతి పేరు చెప్పింది నేనే. "కండ్లు కనపడని మనిషి పుస్తకం ఎట్ట కొడుతుందప్పా?" అన్నారు ఆయన. చివరికి, ఒక అధ్యాయం కొట్టి ఇవాళ మధ్యాహ్నానికి పంపమన్నారు. అది బాగుంటే పని ఆమెది. పెళ్ళిళ్ళు లేని నెలల్లో ఆ అంగడి ఎలా నడుస్తుందో నాకు తెలుసు.

ఇంత తెలిసీ, ఆమె అధ్యాయం సగంలో ఉండగా నేను ఫైలు మార్చాను. ఎందుకంటే నేను ఆనందంలో ఉన్నాను. అక్షరదోషాలు పట్టుకోవడానికి నెలల తరబడి ఇంట్లో కూర్చుని రాసిన కొత్త ఫైలు అది. పొడుగాటి తెలుగు మాటలు, రెండు మూడు అతుక్కుపోయిన మాటలు, ఏవి ఇచ్చినా రెప్పపాటులో విడదీసి చూస్తోంది. ఉదయం అది పనిచేయగానే, చొక్కా గుండీలు సరిగా పెట్టుకోకుండానే పెన్‌డ్రైవ్ జేబులో వేసుకుని బస్సెక్కాను. పదవీ విరమణ చేసిన మనిషికి అలాంటి ఉదయాలు ఎక్కువ దొరకవు.

ఈ పనిలోకి కొత్తగా వస్తున్న పిల్లలు కొందరు నన్ను, "మీరు అసలు ఏం చేసేవాళ్ళు సార్?" అని అడుగుతుంటారు. ఇవాళ జరిగింది చెప్పాలంటే, అసలు ఏం చేసేవాణ్ణో చెప్పాలి. అందుకే రాస్తున్నాను.

మిద్దె మీద ట్యాంకు

నా పేరు మునిరత్నం. మాది వడమాలపేట. తిరుపతిలో తెలుగు సాఫ్ట్‌వేర్ తయారుచేసే ఒక చిన్న కంపెనీలో ముప్పై ఏళ్ళకు పైగా పనిచేశాను. ఉత్తరాలు రాసుకునే ప్రోగ్రాం ఒకటి, పుస్తకాలకు పేజీలు కట్టే ప్రోగ్రాం ఒకటి మా కంపెనీ అమ్మేది. ఆ రెండూ రాసింది నేను కాదు. అవి రెండూ అక్షరదోషాలు చూడటానికి వాడుకునే ఒకే ఒక్క ఫైలు ఉంటుంది. నేను చూసుకున్నది ఆ ఫైలును. దాన్ని షేర్డ్ లైబ్రరీ అంటారు.

తిరుపతిలో లాడ్జీలు చూడని వాళ్ళుండరు. ఎన్ని గదులున్నా మిద్దె మీద ట్యాంకు ఒకటే. ప్రతి గదిలో కుళాయి తిప్పుకునేవాళ్ళకు ఆ ట్యాంకు ఉన్నట్టే గుర్తుండదు. అక్షరదోషాల ఫైలు కూడా అంతే. కంప్యూటర్లో అందరికీ ఉమ్మడిగా ఉండే ఫోల్డరులో కూర్చుని ఉంటుంది. ఏ ప్రోగ్రాంకు కావాలన్నా అక్కడికే వచ్చి, "ఈ మాట సరైనదేనా?" అని అడుగుతుంది. ఫైలు అవునో కాదో చెబుతుంది. అంతే దాని బతుకు.

నాకు మాత్రం అది మహా గొప్పగా ఉండేది. ట్యాంకులో ఒక్కసారి మంచినీళ్ళు పోస్తే అన్ని గదుల్లోనూ మంచినీళ్ళే! నేను ఒక మాట చేరిస్తే రెండు ప్రోగ్రాములూ ఒకేసారి ఆ మాట నేర్చుకునేవి. మొదటిసారి అలా జరిగిన రోజు నేను కుర్చీలోంచి లేచి ఆఫీసంతా తిరిగాను. పక్కన కూర్చునే అతను, "ఏమప్పా, లాటరీ తగిలిందా?" అన్నాడు. అంతకన్నా పెద్దదే తగిలిందని చెప్పాను.

ఒక గదిని బాగుచేయబోయి ట్యాంకులో చెయ్యి పెడితే, మిగతా గదుల్లో ఏమవుతుందో కూడా మీరే చూసుకోవాలి. ఈ పనిలో కష్టమంతా అక్కడే ఉంది.

పీకి చూడు

నా మొదటి బాసు గురునాథం గారు. ఆయనకు కోడ్ రాయడం అంత బాగా వచ్చేది కాదు. కానీ ఒక అలవాటు ఉండేది. నేను ఫైలు తయారుచేసి, "పనిచేస్తోంది సార్" అని చెప్పగానే వచ్చి నా కుర్చీలో కూర్చునేవారు. పనిచేయడం చూసేవారు కాదు. నేను కష్టపడి పెట్టిన ఫైలును ఫోల్డరులోంచి తీసేసేవారు. తర్వాత ఒక్కొక్క ప్రోగ్రామే తెరిచేవారు.

"పెట్టి సూసేది ఎవురైనా సూస్తారప్పా. పీకి సూడు. లేనప్పుడు ఎట్టుంటుందో తెలీకుండా, ఉండాదో లేదో నీకెట్ట తెలుస్తుంది?"

మేము వెనక నవ్వుకునేవాళ్ళం. ఆయనకు 'పీకుడు గురునాథం' అని పేరు కూడా పెట్టాం. ఆ పేరు పెట్టింది నేనే. ఒకరోజు అది ఆయన చెవిన పడింది. "పేరు బాగుండాది. పని మాత్రం మర్చిపోవద్దు" అన్నారు. నేను మర్చిపోయింది సరిగ్గా ఆ పనే.

పేజీ నిండా ఎర్రగీతలు

ఒకసారి చిత్తూరు నుంచి, బడిలో పాఠాలు చెప్పి రిటైరైన ఒక అయ్యవారు ఫోన్ చేశారు. వాళ్ళ అమ్మ చెప్పిన కథలు ఆమె మాటల్లోనే కొట్టుకుంటున్నారట.

"ఏమప్పా, మా అమ్మ మాట్లాడిందంతా తప్పంటా ఉండాదే నీ మిషను? పేజీ సూస్తే కోడిని కోసినట్టుండాది!"

నేను చాలా మర్యాదగా, అవి వ్యవహారంలో ఉన్నా ప్రమాణభాషలో లేవని చెప్పాను.

"మీదే ఊరు నాయనా?" అన్నారు.

"వడమాలపేట సార్."

"మీ అమ్మ 'వచ్చాడు' అనేదా, 'వచ్చినాడు' అనేదా?"

'వచ్చినాడు' అనే మా అమ్మ అప్పటికింకా బతికే ఉంది. ఆ మాటలన్నింటినీ ఫైలులోని పదాల పట్టికలోంచి తీసేసింది నేనే. ఎవరూ తీసేయమనలేదు. ఆఫీసులో బయటి జిల్లాలవాళ్ళ ముందు చదువుకున్నవాడిలా కనిపించాలని నా అంతట నేనే తీసేశాను. ఈ పిరికితనం మీలో కూడా ఎవరికైనా ఉంటే ముందే వదిలించుకోండి.

అన్నీ తిరిగి చేర్చాను. ఉండాది, యాడ, ఈడ, మళ్ళా, ఇంగ. కొన్నాళ్ళకు చిత్తూరులో ఒక అంగడిలో నిలబడి ఉన్నాను. నన్నెరుగని టైపిస్టు ఎవరిదో అర్జీ కొడుతూ 'వచ్చినాడు' అని కొట్టాడు. గీత పడలేదు! అతను మామూలుగా తర్వాతి మాటకు వెళ్ళిపోయాడు. నాకు మాత్రం రోడ్డు మీదికి పరిగెత్తి ఎవరికైనా చెప్పాలనిపించింది. ఏం చెబుతాను? 'ఇక్కడ గీత పడలేదు' అనా? అయినా ఆరోజు బస్సులో తిరుపతి చేరేదాకా నవ్వుకుంటూనే ఉన్నాను.

గమ్మునుండమను

గురునాథం గారి తర్వాత వచ్చిన బాసు పేరు రాయను. ఆయన చెడ్డవాడు కాదు, ఫోన్లంటే విసుగు. అప్పట్లో అక్షరదోషాల ఫైలు దొరక్కపోతే తెర మధ్యలో ఒక పెట్టె వచ్చి, ఫైలు దొరకలేదని చెప్పేది. కొత్తగా ఏ ప్రోగ్రాం ఎక్కించినా ఎక్కడో ఒకచోట ఆ పెట్టె పైకి లేచేది. అంగళ్ళ నుంచి ఫోన్లు వచ్చేవి.

"ఆ పెట్టె తీసెయ్ మునిరత్నం. ఫైలు దొరికితే సూడమను, దొరక్కపోతే నోరెత్తకుండా గమ్మునుండమను. అంతే గదా?"

ప్రోగ్రాములు రెండింటి తరఫున ఫోల్డరులో ఆ ఫైలును వెతికి పట్టుకునే చిన్న ముక్క కూడా నేను రాసిందే. అందులో ఒక్క వాక్యం తీసేస్తే సరిపోయింది. ఆ మార్పు అంగళ్ళకు చేరాక ఫోన్లు తగ్గాయి. సమస్య తీరిపోయిందని ఆయన అనుకున్నారు. నేనూ అలాగే అనుకున్నాను. గురునాథం గారు అప్పటికి ఉద్యోగం వదిలేశారు. ఉండి ఉంటే నా కుర్చీలో కూర్చుని, ఫైలు పీకి, ప్రోగ్రాం తెరిచి, నా ముఖంలోకి చూసేవారు.

ఇప్పుడు నిర్మొహమాటంగా చెబుతాను. బాసు చెప్పాడని చేశానంటే అది సగం నిజమే. నాకు కూడా ఆ ఫోన్లు ఎత్తాలంటే బద్ధకంగా ఉండేది.

కంపెనీ తర్వాత డెస్క్‌టాప్ ప్రోగ్రాములు ఆపేసింది. కోడ్ అంతా ఎవరైనా వాడుకోవచ్చని వదిలేసింది. అంగళ్ళలో ఇంకా అవే ప్రోగ్రాములు నడుస్తున్నాయి. వాటిని చూసుకునేది ఇప్పుడు నేనొక్కణ్ణే.

రెండు నిమిషాలు

ఉదయం నేను వెళ్ళేసరికి రేవతి వేళ్ళు కీబోర్డు మీద పరిగెడుతున్నాయి. నా అడుగుల చప్పుడు విని తల తిప్పకుండానే, "ఏందన్నా, ఇంత పొద్దున్నే? ఇంట్లో తరిమినారా?" అంది.

కొత్త ఫైలు తెచ్చానని చెప్పాను.

"ఇప్పుడొద్దన్నా. దామోదరం సారుది సగం అయింది. ఇది పంపిచ్చినాక ఏమన్నా చేసుకో."

"రెండే నిమిషాలమ్మా. ఎంత వేగమో నువ్వే చెబుతావు."

"చిన్నపిల్లోడి మాదిరి తొందర నీకు. సరే, టీ తాగొస్తా. నేనొచ్చే లోపల నా మిషను నాకియ్యాల."

చేసింది సేవ్ చేసి, అన్నీ మూసేసి, పక్క అంగడికి వెళ్ళింది. నేను పాత ఫైలు తీసి కొత్తది పెట్టాను. ఉత్తరాల ప్రోగ్రాం తెరిచి, ఏదో పిచ్చిమాట కొట్టాను. టక్కు! ఆమె వచ్చేసరికి ఇంకోసారి కొట్టి వినిపించాను.

"విన్నావా! ఎంత చురుగ్గా అందో!"

"ఇన్నాలే. లెయ్ అన్నా, నా కుర్చీ."

అంతే. రెండు నిమిషాలే పట్టింది. ఆమె అధ్యాయం కొడుతున్న పేజీల ప్రోగ్రాంను నేను తెరవలేదు. ఆమె పనిని ముట్టుకోకూడదనుకున్నానని చెప్పుకోవచ్చు. నిజం అది కాదు. టక్కుమనే చప్పుడు ఒకసారి విన్నాక నాకు ఇంకేమీ అక్కరలేకపోయింది.

మధ్యాహ్నం ఇంట్లో ఉండగా రేవతి ఫోన్ చేసింది. ఆమె గొంతు అంత సంతోషంగా నేను ఎప్పుడూ వినలేదు.

"అన్నా, పంపిచ్చేసినా! నీ ఫైలు మహిమో, నా చేతుల మహిమో, నువ్వు పోయినాక ఒక్కతూరి గూడా టక్కుమనలేదు!"

"నీ చేతులేనమ్మా" అన్నాను. మనసులో మాత్రం నా ఫైలే అనుకున్నాను. ఇంతకుముందు సరైన మాటలకు కూడా అప్పుడప్పుడు టక్కుమనేది. ఇప్పుడు అది కూడా పోయిందన్నమాట! వంటింట్లోకి వెళ్ళి మా ఆవిడతో గొప్పలు చెప్పుకున్నాను. ఆమె గుగ్గిళ్ళకు కుక్కరు పెట్టి, చూస్తూ ఉండమని పక్కింటికి వెళ్ళింది.

తిరిగి వచ్చి, "విజిల్ వచ్చిందా?" అంది.

"రాలేదు."

"ఇంతసేపైనా రాలేదా?" అని వంగి చూసింది. పొయ్యిలో మంట లేదు. "గ్యాస్ అయిపోయుండాది గదా! అది గమ్మునుండాదని నువ్వూ గమ్మున కూర్చుంటివా?"

నవ్వబోయాను. నవ్వు రాలేదు. ఎంత గొప్ప టైపిస్టయినా సగం అధ్యాయం ఒక్క తప్పూ లేకుండా కొట్టగలరా? ముప్పై ఏళ్ళలో నేను అలాంటి మనిషిని చూశానా? పోయి నా కోడ్ తెరిచాను. వెంటనే కనిపించింది. ప్రోగ్రాములు ఆ ఫైలును పిలవడానికి దాని లోపల రెండు పేర్లు రాసి ఉండేవి, ఒకటి పాతది, ఒకటి కొత్తది. కొత్త ఫైలు శుభ్రం చేసేటప్పుడు, ఇక ఎవరూ వాడరని ఆ పాత పేరు తీసేశాను. ఉత్తరాల ప్రోగ్రాం నా ఫైలును కొత్త పేరుతో పిలుస్తుంది. పేజీల ప్రోగ్రాం ఇంకా ఆ పాత పేరుతోనే పిలుస్తోంది. పిలిచింది, పలికేవాళ్ళు లేరు. అప్పుడేం చేయాలో నేనే ఎప్పుడో చెప్పిపెట్టాను కదా. గమ్మునుండిపోయింది.

రేవతికి ఫోన్ చేశాను. నేను నోరు తెరవకముందే ఆమే చెప్పింది.

"దామోదరం సారు ఫోన్ చేసినాడన్నా."

"ఏమన్నారు?"

"ముందు సగం ఎవురితో కొట్టించినావమ్మా అన్నాడు. ముందు సగంలో తప్పు లేదంట. యెనక సగమంతా తప్పులేనంట. కండ్లుండేవాళ్ళెవురో ముందు కొట్టినారు, వాళ్ళు లేసిపోయినాక నువ్వు కూర్చున్నావు, అంతేగదా అన్నాడు. అంతా నేనే కొట్టినానన్నా. నమ్మలే."

"రేవతమ్మా, ఆ పేజీల ప్రోగ్రాంలో ఒక మాట తప్పుగా కొట్టు."

కీబోర్డు చప్పుడు ఫోన్లో వినిపించింది. ఇంకేమీ వినిపించలేదు.

"ఇంకోటి కొట్టమ్మా."

మళ్ళీ కొట్టింది. ఏమీ లేదు.

జరిగిందంతా చెప్పాను. విన్నది. "అంటే పొద్దున్నుంచి నేను సంతోషపడిందంతా..." అని ఆపేసింది. "నీ ఫైలుకు గూడా నా మాదిరి కండ్లు పోయినాయా ఏంది?" అంది. ఆమె నవ్వలేదు.

"నేను ఇప్పుడే దామోదరం గారి దగ్గరికి పోతాను."

"పోయి బతిమాలొద్దన్నా. పాపమని ఇచ్చే పని నాకొద్దు. నేను మోసం చెయ్యలేదని మాత్రం సెప్పు."

ప్రెస్సులో

ఆటోలో వెళ్ళాను. దామోదరం గారు గట్టి మనిషి. ప్రూఫులు దిద్ది దిద్ది, ఎదుటి మనిషిని కూడా తప్పుల కోసమే చూస్తారు.

"రాప్పా మునిరత్నం. నువ్వు సెప్పిన మనిషే గదా, సూడు."

అధ్యాయం బల్ల మీద పరిచి ఉంది. మొదటి పేజీలు తెల్లగా ఉన్నాయి. మధ్యలో ఒకచోట ఆయన అడ్డంగా గీత గీశారు. దాని కింద అన్నీ సున్నాలు చుట్టిన మాటలే.

"ఈ గీత పైన ఒగ మనిషి, కింద ఇంగో మనిషి. ఇన్నేండ్లుగా ప్రూఫులు దిద్దతా ఉండా, నాకు తెలీదా?"

"మీరు సరైన చోటే గీశారు సార్. కానీ అక్కడ మారింది మనిషి కాదు. ఫైలు. మార్చింది నేను."

"తప్పు జరిగితే కంప్యూటర్ మీద ఏసేది అందురూ నేర్చుకున్నారప్పా."

"కంప్యూటర్ మీద వేయడం లేదు. నా మీద వేసుకుంటున్నాను."

"పోయి సెప్పమని ఆయమ్మ పంపించినాదా?"

"బతిమాలొద్దని చెప్పి పంపింది. ఆమెకు పని ఇమ్మని నేను అడగను సార్. ఈ గీత ఒక్కటి కొట్టేయండి."

ఆయన నమ్మలేదని ముఖంలోనే తెలుస్తోంది. అప్పుడు నాకు గురునాథం గారు గుర్తుకొచ్చారు.

"నా మాట నమ్మొద్దు. మీ మిషన్లోనే చూపిస్తాను" అన్నాను.

ఆయన కంప్యూటర్లోనూ మా పేజీల ప్రోగ్రామే ఉంది. ఆయన్ను ఒక మాట తప్పుగా కొట్టమన్నాను. ఒక వేలితో కొట్టారు. ఎర్రగీత పడింది. ప్రోగ్రాం మూసేసి, ఉమ్మడి ఫోల్డరులోంచి ఫైలు తీసి పక్కన పెట్టి, మళ్ళీ తెరిచాను. "ఇప్పుడు కొట్టండి."

కొట్టారు. ఇంకోటి కొట్టారు. ఉత్సాహం వచ్చినట్టుంది, చేతికి దొరికిన అక్షరాలన్నీ కొట్టారు. తెర తెల్లగా, శుభ్రంగా ఉంది.

"పెద్ద మనిషి మాదిరి గమ్మునుండాదే!" అని నవ్వారు. తర్వాత ఆయన నవ్వు ఆగిపోయింది. గోడకున్న అలమరాలోని పుస్తకాల వైపు చూశారు. "నా మిషన్లో ఇది ఎప్పుడన్నా ఇట్ట పోయుంటే?"

"మీకు తెలిసేది కాదు సార్."

"ఇట్ట గమ్మునుండమని రాసింది ఎవురు?"

"నేనే."

"ఛీ!" అన్నారు. అని, లోపలికి కేకేసి రెండు టీలు చెప్పారు. ఈలోగా నేను ఫైలు తిరిగి పెట్టేశాను.

టీ తాగుతూ పెన్ను తీసి, తాను గీసిన గీత మీద అడ్డంగా కొట్టేశారు. "ఇంగో అధ్యాయం పంపిస్తా. తప్పులుంటే మాత్రం తీసేస్తా. కండ్లు లేవని వదిలేది లేదు."

"ఆమె కోరేదీ అదే సార్."

నేను ఫోన్ తీయబోతే చెయ్యి పట్టుకుని ఆపారు. "నువ్వు చెయ్యొద్దు. ఆ మాట అన్నింది నేను. నేనే సెప్పాల."

ఆయన మాట్లాడుతుంటే బయట మెట్ల మీద నిలబడి విన్నాను. "తప్పయింది తల్లీ" అని ఆయన అనడం వినిపించింది. అవతల రేవతి ఏమందో తెలియదు కానీ ఆయన గట్టిగా నవ్వారు. అక్కణ్ణుంచే పుత్తూరు బస్సెక్కి, పాత ఫైలు తిరిగి పెట్టేసి వచ్చాను.

ఒక గొంతు

పైదంతా రాసి కొన్ని రోజులైంది. ఆ తర్వాత నేను చేసింది ఇది.

తీసేసిన పాత పేరును కొత్త ఫైలులో తిరిగి పెట్టాను. ఎన్నో ఏళ్ళ కింద తీసేసిన ఆ హెచ్చరికను కూడా తిరిగి పెట్టాలనుకున్నాను. పెట్టె పెడితే రేవతికి కనిపించదు. కాబట్టి ఫైలు దొరక్కపోయినా, పిలిస్తే పలకకపోయినా, ప్రోగ్రాం నోరు తెరిచి చెప్పాలి. చెప్పే గొంతు రేవతిదే అయితే బాగుంటుందని అడిగాను.

"ఏం సెప్పాల?" అంది.

నేను రాసుకున్నది చదివాను. "అక్షరదోష పరిశీలన ప్రస్తుతం అందుబాటులో లేదు."

పొట్ట పట్టుకుని నవ్వింది. "ఇది ఇంటే ఎవురన్నా కరెంటు పోయిందనుకుంటారన్నా! పక్కకు జరుగు." మైకు దగ్గరికి లాక్కుని, వీధిలో ఎవరినో పిలిచినట్టు అరిచింది. "ఓయ్, ఈడ ఎవురూ సూడ్డం లేదు! సూసుకోండి!"

అదే పెట్టాను. ఒక్క మాట కూడా మార్చలేదు.

రెండో అధ్యాయం మొదలుపెట్టే ముందు ఆమే ఫోల్డరులోంచి ఫైలు తీసింది. పేజీల ప్రోగ్రాం తెరిచింది. తన గొంతు తన మీదే అరిచాక, తృప్తిగా ఫైలు తిరిగి పెట్టి పని మొదలుపెట్టింది. ఇప్పుడు రోజూ అలాగే చేస్తోంది. రెండో అధ్యాయం మొదలుపెట్టిన రోజే మధ్యాహ్నం ఫోన్ చేసి, "ఈ పొద్దు ఊరికే టక్కు టక్కుమంటా ఉండాదన్నా, పానం తీస్తా ఉండాది!" అని తిట్టింది. అంత తీయని తిట్టు నేను వినలేదు.

దామోదరం గారు ఆ అధ్యాయం దిద్ది, అక్కడక్కడా సున్నాలు చుట్టి, "నా కాడ కండ్లుండేవాళ్ళు కొట్టినదాంట్లో ఇంతకన్నా ఎక్కువే ఉంటాయి" అని, ఆ పుస్తకం మొత్తం ఆమెకు బస్సులో పార్సిలు చేసి పంపారు.

నాకు ఇంకో పని మిగిలింది. గమ్మునుండే ముక్క ఇంకా ఎన్ని అంగళ్ళలో ఉందో నాకే తెలియదు. తెలిసిన చోటికల్లా పెన్‌డ్రైవ్ పట్టుకుని వెళ్తున్నాను. వాళ్ళ చేతిలో పనేదైనా ఉంటే, అది అయ్యేదాకా బయట బెంచీ మీద కూర్చుంటున్నాను. పాతది మార్చి, పీకి, వాళ్ళకు వినిపించి, తిరిగి పెట్టి వస్తున్నాను. చిత్తూరులో ఒకాయన ఉలిక్కిపడి కుర్చీ వెనక చూశాడు.

నిన్న దామోదరం గారి ప్రెస్సుకు వెళ్ళాను. ఆయన లోపలి గదిలో కాగితాలు చూసుకుంటున్నారు. నేను ముందు గదిలో ఫైలు పీకి, ప్రోగ్రాం తెరిచాను. రేవతి గొంతు ప్రెస్సంతా మోగింది. ఆయన కళ్ళజోడు సర్దుకుంటూ హడావుడిగా బయటికి వచ్చారు.

"ఎప్పుడొచ్చినావు రేవతమ్మా? కూర్చో తల్లీ, టీ చెప్తా."

ఆమె రాలేదని చెప్పి, ఫైలు తిరిగి పెట్టాను. ఆయన్ను కుర్చీలో కూర్చోబెట్టి ఒక మాట తప్పుగా కొట్టించాను. ఎర్రగీత పడేదాకా పక్కనే నిలబడ్డాను. తర్వాత రెండో ప్రోగ్రాం కూడా తెరిచి, అందులోనూ కొట్టించాను.